ఒంటరి తల్లుల వ్లాగులు

భర్త తోడు లేకుండా పిల్లలను పెంచుతున్న స్త్రీలు తమ రోజువారీ జీవితాన్ని చిత్రీకరించి యూట్యూబ్, ఇన్‌స్టాగ్రామ్ వంటి వేదికల్లో క్రమం తప్పకుండా పెట్టే వీడియోలను ఒంటరి తల్లుల వ్లాగులు అంటారు. భర్త చనిపోయినవారు, విడాకులు తీసుకున్నవారు, భర్తకు దూరంగా ఉంటున్నవారు, పెళ్లి చేసుకోకుండా తల్లులైనవారు, ఒంటరిగా ఉండి బిడ్డను దత్తత తీసుకున్నవారు ఈ కోవలోకి వస్తారు. కుటుంబ వ్లాగుల్లో ఇదొక శాఖ. ఇంటిపని, పిల్లల పెంపకం, సంపాదన మూడూ ఒక్కరి మీదే పడటం, మొదటి రెండింటిని చిత్రీకరించడమే మూడోదానికి దారి కావడం దీని ప్రత్యేకత.

చరిత్ర

తల్లులు ఇంటి సంగతులను ఇంటర్నెట్‌లో రాయడం వీడియోలకంటే ముందే మొదలైంది. అమెరికాలో హెదర్ ఆర్మ్‌స్ట్రాంగ్ 2001లో ప్రారంభించిన ‘డూస్’ బ్లాగు ఈ ధోరణికి పేరు తెచ్చింది. కాన్పు తరువాతి కుంగుబాటు గురించి ఆమె దాపరికం లేకుండా రాశారు. ప్రకటనల ద్వారా ఆ రాతలే ఆమెకు జీవనోపాధి అయ్యాయి. 2005లో యూట్యూబ్ వచ్చింది. వీడియోలు పెట్టేవారికి ప్రకటనల రాబడిలో వాటా ఇచ్చే భాగస్వామ్య కార్యక్రమాన్ని ఆ సంస్థ 2007లో తెచ్చింది. మరుసటి ఏడాది భారతీయ విభాగాన్ని ప్రారంభించింది.

భారత్‌లో ఈ వ్లాగులు విస్తరించడానికి ప్రధాన కారణం చవకైన మొబైల్ డేటా. 2016 సెప్టెంబరులో జియో సేవలు మొదలయ్యాక చిన్న పట్టణాలు, పల్లెల నుంచి కూడా వీడియోలు పెట్టడం సాధ్యమైంది. 2020 జూన్‌లో కేంద్రం టిక్‌టాక్‌ను నిషేధించింది. అదే ఏడాది సెప్టెంబరులో యూట్యూబ్ షార్ట్స్‌ను మొదట భారత్‌లోనే ప్రయోగాత్మకంగా ప్రవేశపెట్టింది. దాంతో పొడవాటి డైలీ వ్లాగుల పక్కన నిమిషం లోపు మినీ వ్లాగులు కూడా వచ్చాయి.

సామాజిక నేపథ్యం

ఐక్యరాజ్య సమితి మహిళా విభాగం 2019 నివేదిక ప్రకారం భారత్‌లోని కుటుంబాల్లో 4.5 శాతాన్ని, అంటే సుమారు 1.3 కోట్ల కుటుంబాలను ఒంటరి తల్లులు నడుపుతున్నారు. పుట్టింట్లోనో అత్తవారింట్లోనో ఉంటున్న ఒంటరి తల్లులు వీరికి అదనం. తల్లిదండ్రులిద్దరూ ఉన్న కుటుంబాల్లో పేదరికం 22.6 శాతం ఉండగా, ఒంటరి తల్లుల కుటుంబాల్లో అది 38 శాతమని ఆ నివేదిక పేర్కొంది. తెలంగాణ ప్రభుత్వం 2017లో ఒంటరి మహిళలను ఆసరా పింఛన్ల పరిధిలోకి తెచ్చింది. ఆంధ్రప్రదేశ్‌లోనూ ఒంటరి మహిళలకు పింఛను ఉంది. పసిపిల్లలను వదిలి బయట ఉద్యోగానికి వెళ్లలేని స్త్రీకి ఇంట్లో ఉండి, చేతిలోని ఫోనుతో చేయగల పనిగా వ్లాగింగ్ ఆకర్షణీయమైంది.

చట్టాల్లోనూ ఒంటరి తల్లికి క్రమంగా చోటు దక్కింది. తల్లి కూడా సహజ సంరక్షకురాలు కాగలదని సుప్రీంకోర్టు 1999లో గీతా హరిహరన్ కేసులో చెప్పింది. అవివాహిత తల్లి బిడ్డ తండ్రి పేరు వెల్లడించకుండానే సంరక్షకురాలిగా నియామకం కోరవచ్చని 2015లో తీర్పిచ్చింది. 2016 డిసెంబరు నుంచి పాస్‌పోర్టు దరఖాస్తులో తల్లి లేదా తండ్రి, ఒకరి పేరు ఉంటే సరిపోతోంది. తల్లి మాత్రమే పెంచిన దరఖాస్తుదారుకు పాన్ కార్డు కోసం తండ్రి పేరు ఇవ్వాల్సిన నిబంధన 2018 డిసెంబరు నుంచి లేదు.

విషయం, చిత్రీకరణ

పొద్దున్నే వంట, లంచ్ బాక్సులు, పిల్లలను స్కూలుకు పంపడం, ఉద్యోగం, సాయంత్రం హోంవర్క్, నెల సరుకులు, ఇంటి అద్దె, స్కూలు ఫీజుల లెక్కలు ఈ వీడియోల్లో సాధారణంగా కనిపిస్తాయి. కెమెరా పట్టుకునే మరో మనిషి లేకపోవడంతో ఫోనును స్టాండుకు బిగించి, తరువాత వాయిస్ ఓవర్ చెప్పడం ఎక్కువ. తెరమీద కూర తాలింపు సాగుతుండగా మాటల్లో వివాహ జీవితం, విడిపోయిన తీరు, బంధువుల వైఖరి వినిపించే పద్ధతి తెలుగు వ్లాగుల్లోనూ పరిచితమే. ముఖం చూపించకుండా చేతులను మాత్రమే చూపించేవారూ ఉన్నారు. వీక్షకులు ‘అక్కా’, ‘సిస్టర్’ అని సంబోధిస్తూ సలహాలు, ఓదార్పు ఇస్తారు. అవే కామెంట్లలో భర్త గురించిన ఆరాలు, నిందలు కూడా వస్తాయి.

ఆదాయం

యూట్యూబ్ ప్రకటనల ఆదాయానికి అర్హత పొందాలంటే 1,000 మంది సబ్‌స్క్రైబర్లతో పాటు, గడిచిన 12 నెలల్లో 4,000 గంటల వీక్షణ ఉండాలి. లేదా 90 రోజుల్లో షార్ట్స్‌కు కోటి వ్యూస్ రావాలి. పూర్తి నిడివి వీడియోల మీద వచ్చే ప్రకటనల రాబడిలో 55 శాతం చానల్ యజమానికి దక్కుతుంది. వీక్షకులు ఉండే దేశాన్ని బట్టి ప్రకటనల రేటు మారుతుంది. అమెరికా వంటి దేశాల్లోని తెలుగువారు చూసినప్పుడు రాబడి సాధారణంగా ఎక్కువగా ఉంటుంది. ఖాతాలో 100 డాలర్లు చేరితేనే చెల్లింపు జరుగుతుంది కాబట్టి చిన్న చానళ్లకు ప్రతి నెలా డబ్బు అందదు.

చీరలు, వంటసామాను, సౌందర్య సాధనాల ప్రమోషన్లు మరో ఆదాయ మార్గం. డబ్బు లేదా ఉచిత వస్తువు తీసుకుని చేసే ప్రచారమైతే ఆ సంగతి వీడియోలోనే స్పష్టంగా తెలపాలని కేంద్ర వినియోగదారుల వ్యవహారాల శాఖ 2023 జనవరిలో మార్గదర్శకాలు ఇచ్చింది. తప్పుదారి పట్టించే ప్రచారానికి మొదటిసారి 10 లక్షల రూపాయల వరకు, మళ్లీ చేస్తే 50 లక్షల వరకు జరిమానా విధించవచ్చు.

న్యాయపరమైన చిక్కులు

భర్తతో కేసు నడుస్తున్నప్పుడు వ్లాగు రెండు వైపులా పదునున్న కత్తి. హిందూ వివాహ చట్టంలోని 22వ సెక్షన్ ప్రకారం విడాకుల విచారణ రహస్యంగా జరగాలి. దాని వివరాలను ప్రచురించడం జరిమానాకు దారితీసే నేరం. మనోవర్తి కేసుల్లో ఇరుపక్షాలూ ఆస్తులు, ఆదాయాలను ప్రమాణపత్రంలో తెలపాలని సుప్రీంకోర్టు 2020 నవంబరులో రజనీశ్ కేసులో ఆదేశించింది. కాబట్టి చానల్ ఆదాయాన్నీ అందులో చూపాలి. పిల్లల సంరక్షణ వివాదాల్లో బిడ్డ సంక్షేమమే కోర్టుకు ప్రధానం గనుక, బిడ్డను కెమెరా ముందు ఉంచిన తీరు కూడా వాదనలోకి రావచ్చు. ఆన్‌లైన్‌లో వెంటపడి వేధించడం భారతీయ న్యాయ సంహిత 78వ సెక్షన్ కింద నేరం. సైబర్ మోసాలపై 1930 నంబరుకు, మహిళల సహాయానికి 181కి ఫోను చేయవచ్చు.

పిల్లల గోప్యత

ఈ వ్లాగుల మీద ప్రధాన విమర్శ పిల్లల విషయంలోనే వస్తుంది. స్కూలు యూనిఫాం, ఇంటి వీధి, రోజువారీ సమయాలు వీడియోలో కనిపిస్తే బిడ్డ జాడ అపరిచితులకు తెలిసిపోతుంది. తల్లిదండ్రుల గొడవల వివరాలు ఆ బిడ్డ పెద్దయ్యాక కూడా ఇంటర్నెట్‌లో మిగిలిపోతాయి. అనుచిత వ్యాఖ్యల కారణంగా యూట్యూబ్ 2019లో పిల్లలు కనిపించే చాలా వీడియోలకు కామెంట్లను నిలిపివేసింది.

ఫ్రాన్స్ 2020 అక్టోబరులో 16 ఏళ్లలోపు పిల్లల వీడియో ఆదాయానికి రక్షణ కల్పిస్తూ చట్టం చేసింది. తమ వీడియోల తొలగింపు కోరే హక్కునూ పిల్లలకు ఇచ్చింది. అమెరికాలోని ఇల్లినాయి రాష్ట్రంలో 2024 జులై నుంచి వ్లాగుల్లో తరచుగా కనిపించే పిల్లలకు ఆదాయంలో వాటాను ట్రస్టు ఖాతాలో జమచేయాలి. భారత్‌లో 2017 నాటి బాల కార్మిక నిబంధనల ప్రకారం దృశ్య శ్రవణ వినోద రంగంలో పనిచేసే బాల కళాకారుల సంపాదనలో కనీసం 20 శాతాన్ని వారి పేరిట ఫిక్స్‌డ్ డిపాజిట్ చేయాలి. రోజుకు 5 గంటలకు మించి పని చేయించరాదు. సినిమా, టీవీ నిర్మాతలను దృష్టిలో ఉంచుకుని రూపొందించిన ఈ నిబంధనలు ఇంట్లో తల్లి తీసే వీడియోలకు ఎలా వర్తించాలో స్పష్టంగా చెప్పవు. కుటుంబ వ్లాగుల్లో కనిపించే పిల్లల ఆదాయ వాటాపై భారత్‌లో ప్రత్యేక చట్టం లేదు.