కంప్యూటరు ఆట ప్రారంభం కాకపోవడం

కంప్యూటరులో స్థాపించిన ఆట గుర్తుపై నొక్కినపుడు ఆట తెర రాకుండా ఆగిపోవడాన్ని కంప్యూటరు ఆట ప్రారంభం కాకపోవడం అంటారు. ఇది సాధారణంగా మూడు రూపాలలో కనిపిస్తుంది. నొక్కిన తరువాత ఏమీ జరగకపోవడం ఒకటి. తెర క్షణకాలం నల్లబడి మళ్ళీ డెస్క్‌టాప్ రావడం రెండవది. ఆంగ్లంలో ఏదో సందేశమున్న చిన్న పెట్టె రావడం మూడవది. చూడగానే భయపెట్టేది మూడవదే గానీ, కారణం తానే చెబుతుంది కనుక మూడింటిలో అదే మేలైనది.

ఈ సమస్యకు అందరూ ఇచ్చే మొదటి సలహా ఆటను తొలగించి మళ్ళీ వేసుకోమని. వేగవంతమైన అంతర్జాలమున్న నగరాలలో ఈ సలహా వల్ల పెద్ద నష్టం లేదు. అరకులోయ, అనంతగిరి, హుకుంపేట, ముంచింగిపుట్టు వంటి తూర్పు కనుమల మన్య మండలాలలో పరిస్థితి వేరు. అక్కడ చాలామందికి మొబైలు ఫోను డేటాయే ఆధారం. రోజుకు 1.5 గిగాబైట్లు ఇచ్చే పథకంపై 60 గిగాబైట్ల ఆటను మళ్ళీ దింపుకోవాలంటే, వేరే ఏ పనికీ వాడకపోయినా, 40 రోజులు పడుతుంది. లోపించినది చాలాసార్లు 100 మెగాబైట్లకు మించని చిన్న భాగమే. కాబట్టి మన్యంలో ఆటను తీసివేయడం చివరి మార్గం కావాలి. పైగా కొన్ని ఆటలు తొలగించినపుడు అంతవరకు ఆడి భద్రపరచుకున్న ఫైళ్ళు కూడా పోతాయి.

సందేశాన్ని చదవడం

సందేశం రాగానే పెట్టెను మూసివేయడం చాలామందికి అలవాటు. దానిని ఫోనుతో ఫొటో తీసి ఉంచుకోవాలి. ఇంట్లో కువి, ఆదివాసీ ఒడియా వంటి భాషలు మాట్లాడి, బడిలో తెలుగు నేర్చుకున్న విద్యార్థికి ఈ ఆంగ్ల వాక్యం మూడవ భాషలోనిది. అయితే అందులో అర్థం చేసుకోవలసినవి రెండే: ఒక ఫైలు పేరు, లేదా ఒక సంకేత సంఖ్య. ఆ రెండూ అక్షరం పొల్లుపోకుండా రాసుకుంటే, సిగ్నలు ఉన్నచోటికి వెళ్ళినపుడు వెతకడం నిమిషాల పని.

సందేశమేదీ రాకపోతే విండోస్‌లోని రిలయబిలిటీ మానిటర్‌ను తెరవాలి. స్టార్ట్ మెనూలో రిలయబిలిటీ అని వెతికితే ఇది దొరుకుతుంది. ఏ రోజున ఏ ప్రోగ్రాము ఏ ఫైలు దగ్గర కూలిందో ఇందులో తేదీలవారీగా నమోదై ఉంటుంది. దీనికి అంతర్జాలం అక్కరలేదు.

లోపించిన ఫైళ్ళు

ఆటలు ఒంటరిగా నడవవు. మైక్రోసాఫ్ట్ సంస్థ 1995లో విండోస్ 95 కొరకు విడుదల చేసిన డైరెక్ట్‌ఎక్స్, ఇంకా విజువల్ సి++ రన్‌టైం అనే ఉమ్మడి భాగాలపై అత్యధిక ఆటలు ఆధారపడతాయి. విండోస్ 10, 11లలో డైరెక్ట్‌ఎక్స్ 12 ఉన్నది కదా అని చాలామంది అనుకుంటారు. కానీ 2010కి ముందు వచ్చిన అనేక ఆటలు కోరే డి3డిఎక్స్9 వర్గపు ఫైళ్ళు అందులో ఉండవు. వాటన్నిటినీ కలిపి మైక్రోసాఫ్ట్ 2010 జూన్ సంకలనంగా ఇచ్చింది. దాని పరిమాణం 100 మెగాబైట్ల లోపే. దానిని నడిపినపుడు మొదట ఫైళ్ళు ఒక ఫోల్డరులోకి విప్పుకుంటాయి. ఆ ఫోల్డరులోని డిఎక్స్‌సెటప్‌ను మళ్ళీ నడపాలి. విప్పుకోవడంతోనే పని అయిపోయిందని ఆగిపోవడం ఇక్కడ తరచు జరిగే పొరపాటు.

సందేశంలోని ఫైలు పేరు ఎంఎస్‌విసిపి140 అనో విసిరన్‌టైం140 అనో ఉంటే కావలసినది విజువల్ సి++. ఇది 32 బిట్లు, 64 బిట్లు అని రెండు రకాలు. 64 బిట్ల కంప్యూటరులో కూడా రెండూ వేసుకోవాలి, ఎందుకంటే ఆట 32 బిట్లదై ఉండవచ్చు. 7బితో ముగిసే ప్రసిద్ధమైన దోష సంకేతానికి ఈ రెండు రకాల ఫైళ్ళు కలగలిసిపోవడమే సాధారణ కారణం.

ఒక్క డిఎల్ఎల్ ఫైలును మాత్రమే ఇచ్చే వెబ్‌సైట్లు అనేకం ఉన్నాయి. వాటి జోలికి పోరాదు. తప్పు ఫైలు రావడమే కాక, దానితోపాటు వైరస్ వచ్చే ప్రమాదమున్నది. పెన్‌డ్రైవులలో చేతులు మారే నకలు ఆటలది మరొక చిక్కు. వాటిలోని మార్చిన ఫైళ్ళను విండోస్ డిఫెండర్ పట్టి వేరుచేస్తుంది, ఆట తెరుచుకోదు. అందుకని డిఫెండర్‌నే కట్టివేయడం ఇంటి తలుపు తీసి నిద్రపోవడం వంటిది.

తెలుగు పేర్లతో చిక్కు

ఇది తెలుగువారు ప్రత్యేకంగా తెలుసుకోవలసిన కారణం. ఆంగ్ల సూచనలలో ఇది అరుదుగా కనిపిస్తుంది.

పాత ప్రోగ్రాములు అక్షరాలను 256 స్థానాల పట్టికల ద్వారా గుర్తిస్తాయి. రష్యన్, గ్రీకు, అరబిక్ వంటి భాషలకు మైక్రోసాఫ్ట్ ఇటువంటి పట్టికలు చేసింది. తెలుగుకు చేయలేదు. 2001లో విండోస్ ఎక్స్‌పితో గౌతమి ఖతి సహా తెలుగు వచ్చినపుడు అది యూనికోడ్ ద్వారా మాత్రమే వచ్చింది. అందువలన యూనికోడ్ ఎరుగని ఆట, తెలుగులో పేరున్న ఫోల్డరును చూసినపుడు ప్రతి అక్షరాన్నీ ప్రశ్నార్థకంగా చదువుకుంటుంది. విండోస్‌లో ఫైలు పేరులో ప్రశ్నార్థకం ఉండడానికి వీలులేదు. ఇక ఆ దారి ఎప్పటికీ దొరకదు. ఆట ఏమీ చెప్పకుండానే ఆగిపోతుంది.

ఆటలను ఉంచిన ఫోల్డరుకు తెలుగు పేరు ఉంటే దానిని ఆంగ్ల అక్షరాలలోకి మార్చి, డెస్క్‌టాప్‌పై కొత్త షార్ట్‌కట్ పెట్టుకుంటే సరిపోవచ్చు. కంప్యూటరు సిద్ధం చేసేటపుడు వాడుకరి పేరునే తెలుగులో ఇచ్చి ఉంటే అంత సులువు కాదు. తరువాత పేరు మార్చినా, మొదట ఏర్పడిన ఫోల్డరు పేరు మారదు. ఆంగ్ల అక్షరాలతో మరొక స్థానిక ఖాతా తెరిచి, ఆటను అక్కడినుండి నడపడమే క్షేమం. విండోస్ 10కి 2018లో చేర్చిన యుటిఎఫ్-8 ఎంపికతో కూడా కొన్ని ఆటలు నడుస్తాయి గానీ, దానివలన ఇతర పాత ప్రోగ్రాములు చెడిపోవచ్చు. తెలుగు పేరు పెట్టుకోవడం వాడుకరి తప్పు కాదు, ఆట రాసినవారి లోపం.

యంత్ర సామర్థ్యం

డివైస్ మేనేజరులో గ్రాఫిక్స్ స్థానంలో మైక్రోసాఫ్ట్ బేసిక్ డిస్‌ప్లే అడాప్టర్ అని ఉంటే, అసలైన డ్రైవరు లేదని అర్థం. విండోస్‌ను కొత్తగా వేసి, అంతర్జాలం లేక అలాగే వదిలేసిన కంప్యూటర్లలో ఇది మామూలు. రెండు గ్రాఫిక్స్ భాగాలున్న ల్యాప్‌టాపులలో ఆట బలహీనమైనదానిని ఎంచుకోవడం మరొక కారణం. పాతవి కొనేవారు ప్రాసెసరు సంగతి కూడా చూడాలి. 2011లో ఇంటెల్ ప్రాసెసర్లలోకి వచ్చిన ఎవిఎక్స్ ఆదేశాలు లేని యంత్రంపై అవి కోరే ఆట ఎంత మెమొరీ చేర్చినా తెరుచుకోదు. వాలరెంట్ వంటి ఆటలు విండోస్ 11లో టిపిఎం 2.0, సెక్యూర్ బూట్ ఉంటేనే నడుస్తాయి. వీటిని బయోస్‌లో ఆన్ చేయవలసి ఉంటుంది.

దూరపు సర్వరు అనుమతి

డబ్బు పెట్టి కొన్న ఆట కూడా మన్యంలో మొరాయించడానికి ముఖ్యమైన కారణం ఇదే. 2003లో మొదలైన స్టీమ్ వంటి విక్రయ వేదికలు, డెనువో వంటి రక్షణ పద్ధతులు ఆటను మొదటిసారి తెరిచినపుడు సర్వరు అనుమతి అడుగుతాయి. సిగ్నలు లేకపోతే అనుమతి రాదు. 2022లో ఏర్పడిన అల్లూరి సీతారామరాజు జిల్లాలో సెల్ టవర్లు పెరిగాయి. 2023 జూన్‌లో రాష్ట్రంలో ఒకేసారి ప్రారంభించిన 100 టవర్లలో అత్యధికం ఈ జిల్లాలోనివే. అయినా కొండ మలుపు తిరిగితే సిగ్నలు పోయే గ్రామాలున్నాయి.

దీనికి ముందుచూపే మందు. సెలవులకు విశాఖపట్నం నుండి ల్యాప్‌టాప్‌తో ఊరు వచ్చే విద్యార్థి, బయలుదేరక ముందే ఆట నవీకరణలు పూర్తిచేసి, ఆటను ఒకసారి పూర్తిగా తెరిచి చూసి, ఆపై స్టీమ్‌ను ఆఫ్‌లైన్ విధానంలోకి మార్చుకోవాలి. ఊరు చేరిన తరువాత మార్చుకోవాలనుకుంటే కుదరకపోవచ్చు. నవీకరణ సగంలో ఉండగా బయలుదేరితే ఆట అసలే తెరుచుకోదు. పూర్తిగా ఆన్‌లైన్‌లోనే ఆడవలసిన ఆటలకు ఈ ఉపాయం పనిచేయదు.

తేదీని కూడా చూసుకోవాలి. నెలల తరబడి వాడని కంప్యూటరులో మదర్‌బోర్డుపై ఉండే సిఆర్2032 అనే నాణెం వంటి బ్యాటరీ అయిపోతే, గడియారం కొన్నేళ్ళు వెనక్కి పోతుంది. అప్పుడు సర్వరు చూపే భద్రతా పత్రాల గడువు యంత్రం తేదీతో సరిపడక లాగిన్ విఫలమవుతుంది. నెట్ బాగానే ఉన్నా ఆట మాత్రం కలవదు. ఆ బ్యాటరీ తక్కువ ధరకే దొరుకుతుంది, మెకానిక్ అక్కరలేకుండా మార్చుకోవచ్చు.

గాలివానకు కరెంటు పోయి నవీకరణ మధ్యలో ఆగితే కొన్ని ఫైళ్ళు పాడవుతాయి. స్టీమ్‌లో ఫైళ్ళ సమగ్రతను సరిచూసే ఏర్పాటు ఉన్నది. అది చెడిన ఫైళ్ళను మాత్రమే మళ్ళీ దింపుతుంది. కొన్ని మెగాబైట్లతో తీరే పనికి మొత్తం ఆటను దింపుకోవడం వృథా.

ఎన్నటికీ తెరుచుకోని ఆటలు

కొన్నిటికి వాడుకరి చేయగలిగినది ఉండదు. సేఫ్‌డిస్క్ రక్షణ గల సిడి ఆటలు 2015లో వచ్చిన విండోస్ 10 నుండి నడవవు, ఆ డ్రైవరును మైక్రోసాఫ్ట్ భద్రతా కారణాలతో వదిలివేసింది. 16 బిట్ల ఆటలు 64 బిట్ల విండోస్‌లో తెరుచుకోవు. డాస్ ఆటలైతే డాస్‌బాక్స్ సహాయంతో చక్కగా నడుస్తాయి. ఫ్లాష్ ఆటలను 2021 జనవరి 12 నుండి అడోబి నిలిపివేసింది, రఫిల్ అనే స్వేచ్ఛా సాఫ్టువేరుతో వాటిలో చాలా వరకు ఆడవచ్చు. విండోస్ 7, 8లకు స్టీమ్ 2024 జనవరి 1 నుండి మద్దతు ఆపివేసింది. పబ్‌జి మొబైల్‌ను ఎమ్యులేటరుపై ఆడేవారికి 2020 సెప్టెంబరులో ఎదురైనది సాంకేతిక లోపం కాదు, భారత ప్రభుత్వ నిషేధం.

బడులలో

పిల్లల కొరకు 2000లో మొదలైన జికాంప్రి అనే స్వేచ్ఛా సాఫ్టువేరులో లెక్కలు, అక్షరాలు, చదరంగం వంటి ఆటలు అనేకం ఉన్నాయి. ఒకసారి పెన్‌డ్రైవులో తెచ్చి వేస్తే ముఖ్యమైన ఆటలు నెట్ లేకుండానే నడుస్తాయి. క్యూటి ఆధారంగా తిరగరాసిన తరువాత దీనికి ఓపెన్‌జిఎల్ అవసరమైంది. అందుచేత బడులలోని పాత కంప్యూటర్లపై ఇది ఖాళీ తెర చూపి ఆగిపోవచ్చు. గ్రాఫిక్స్ కార్డుతో పనిలేకుండా ప్రాసెసరుతోనే బొమ్మలు గీసే సాఫ్టువేర్ రెండరర్ ఎంపిక అందులోనే ఉన్నది. దానితో ప్రారంభిస్తే వేగం కొంత తగ్గినా ఆటలు తెరుచుకుంటాయి. ఈ సంగతి తెలియక, కంప్యూటర్లు పనికిరావని మూలన పెట్టవలసిన అవసరం లేదు.