ఎనిమిది కాళ్ల చీమ

మామిడి ఆకులను పట్టుదారముతో కలిపి కుట్టి గూడు కట్టుకొను ఎఱ్ఱచీమలను మన కోస్తా తోటలలో ఎరుగనివారు తక్కువ. ఆ చీమల నడుమ ఒక్కొక్కప్పుడు చీమ కాని చీమ యొకటి తిరుగుచుండును. కొమ్మను తట్టినచో అది చీమవలె మీదికి రాదు. సన్నని పట్టుపోగును పట్టుకొని క్రిందికి జారిపోవును. కాళ్లు లెక్కించినచో ఎనిమిది. అది సాలెపురుగు. వల పన్నక, దుమికి వేటాడు సాలెపురుగుల కుటుంబములోనిది.

చీమ దేహమునందు తల, రొమ్ము, ఉదరము అని మూడు భాగములు కనబడును. సాలెపురుగునకు శిరోవక్షము, ఉదరము అని రెండే. ఈ వేషధారి శిరోవక్షము నడుమ నొక్కినట్లుండుటచే తల వేరు, రొమ్ము వేరు అన్న భ్రాంతి కలుగును. చీమకున్న స్పర్శశృంగములు దీనికి లేవు. ఆ లోటును ముందరి కాళ్లజత తీర్చును; వానిని ఎత్తి ఆడించుచుండును. అట్లయిన ఇది ఆరుకాళ్లతోనే నడచునా? చాలకాలము అట్లే అనుకొనిరి. 2017లో అమెరికా శాస్త్రజ్ఞులు వేగముగా చిత్రములు తీయు కెమెరాలతో ఒక జాతిని పరీక్షింపగా, నడచునంతసేపు ఎనిమిది కాళ్లను వాడి, క్షణకాలము ఆగినప్పుడు మాత్రమే ముందరికాళ్లు ఎత్తుచున్నదని తేలెను. చూచువారి కన్ను అంత త్వరగా పట్టుకొనలేకపోవుటయే ఆ తొలి అభిప్రాయమునకు మూలము. వాసన బాట వెంట పోవు చీమ వంకరటింకరగా నడచునట్లే ఇదియు నడచును.

ఈ పురుగుల శాస్త్రచరిత్ర మన దేశముతోనే ఆరంభమైనదనవచ్చును. 1839లో విలియం షార్ప్ మెక్లే బంగాళమునుండి వచ్చిన ఒక పురుగును వర్ణించి, మిర్మరాక్నె అను ప్రజాతిని ఏర్పరచెను. గ్రీకుభాషలో మిర్మెక్స్ అనగా చీమ, అరాక్నె అనగా సాలెపురుగు. ఎఱ్ఱచీమను పోలినదానికి 1869లో పికార్డ్-కేంబ్రిడ్జ్ అను ఆంగ్ల మతాచార్యుడు ప్లాటలియాయిడిస్ అని జాతినామ మిచ్చెను. 2016లో దానిని మిర్మప్లాటా అను క్రొత్త ప్రజాతికి మార్చిరి. పాత గ్రంథములు చదువువారు రెండు పేర్లను గుర్తుంచుకొనవలసి యున్నది.

పేరు పెట్టుట సులభము. వేషము ఎవరిని మోసగించుటకన్నదే చిక్కుప్రశ్న. మేకవన్నె పులివలె చీమలలో కలిసి చీమలనే తినుటకా? లేక చీమలనిన బెదరు శత్రువులనుండి తప్పించుకొనుటకా? కలకత్తా సమీపమున బారక్‌పూరులో చీమలను పరిశీలించిన రోత్నీ, ఎఱ్ఱరొమ్ము, నల్లతల గల ఒక చీమను సాలెపురుగే గాక ఒక కందిరీగజాతియు అనుకరించుచున్నదని 1889లో ప్రకటించెను. అదే సంవత్సరము అమెరికాలో జార్జి పెక్‌హామ్, ఎలిజబెత్ పెక్‌హామ్ దంపతులు సాలెపురుగులలో రక్షణకై ఏర్పడిన పోలికలను గూర్చి వ్రాసిరి. 1892లో చీమను పోలు దుముకు సాలెపురుగులపైననే ప్రత్యేక గ్రంథము వెలువరించిరి. జార్జి మిల్వాకీ నగరములో ఉన్నత పాఠశాలయందు జీవశాస్త్రము బోధించినవాడు. ఈ సంగతి మన ఉపాధ్యాయులకు రుచింపకపోదు.

చిక్కు విడుటకు మన దేశమునందే మంచి సాధనము దొరకినది. ఎఱ్ఱచీమను అనుకరించు సాలెపురుగులు ఒకటి కాదు, రెండు. ఎ.పి. మాత్యూ 1934లో ప్లాటలియాయిడిస్ జీవితచరిత్రను ప్రకటించి, 1954లో బొంబాయి ప్రకృతిచరిత్ర సంఘ పత్రికలో ఈ రెంటి నడవడులను పక్కపక్కన నిలిపెను. రెండవది అమిసియా ఫోర్టిసెప్స్, పీతసాలెపురుగుల కుటుంబములోనిది. అది చచ్చుచున్న చీమవలె గిలగిల కొట్టుకొనుచు, చూడవచ్చిన చీమను పట్టి తినును. ప్లాటలియాయిడిస్ అట్టిది కాదు. చీమల చెంత నివసించియు వాని స్పర్శకు దూరముగా తొలగును. అనగా ఒకే వేషమునకు రెండు ప్రయోజనములు: ఒకటి వేటకు, ఒకటి రక్షణకు. రెండు పక్షములవారు వేర్వేరు పురుగులను చూచి వాదులాడిరా అనిపించును.

కలకత్తాలోని బోసు పరిశోధనాలయమున గోపాలచంద్ర భట్టాచార్య కూడ ఈ పురుగు కుబుసము విడుచు తీరును శ్రద్ధగా పరిశీలించెను. ఆయన కళాశాల పట్టము లేనివాడు, గ్రామమున బడిపంతులుగా పనిచేసినవాడు. తాను చూచినదానిని మాతృభాషలో వ్రాసి వంగదేశపు బాలురకు అందించినవాడు.

రక్షణవాదమునకు గట్టి రుజువు 2006లో వచ్చెను. పుట్టినది మొదలు చీమను చూడని గొల్లభామలవంటి వేటకీటకములు, అనగా మాంటిడ్‌లు, చీమలను విడిచినట్లే ఈ సాలెపురుగులను కూడ విడిచెను. కాని వేషమునకు వెల కలదు. చీమలనే తిను సాలెపురుగులు దీనిని నిజమైన చీమయనుకొని పట్టవచ్చును. పెనము మీదినుండి పొయ్యిలో పడినట్లు! మగదాని గతి మరియు కష్టము. దాని కోరలు మిక్కిలి పొడవు. చూపునకు బరువు మోయుచున్న చీమవలె నుండును. నోట బరువున్న చీమ కరువలేదు గనుక చీమలను తినువారికి అదే సులభమైన ఎర.

నల్లరేగడి పొలముల హాలహర్వి, ఆదోని ప్రాంతపు విద్యార్థులు ఇందుకు మామిడితోటలకు పోనక్కరలేదు. ఈ పురుగులలో ఒక్కొక్క జాతి ఒక్కొక్క చీమను పోలును. బడి ఆవరణలో వేపమాను, కాలువగట్టున తుమ్మచెట్టు ఉన్నచో, బెరడుపై చీమలబారును ఓపికతో చూడవలెను. చేతపట్టుటకు ముందు కాళ్లు లెక్కించుట మేలు. రోత్నీ చూచిన ఎఱ్ఱరొమ్ము చీమ కుట్టిన బాధ సామాన్యము కాదు.

వేషము సంగతి తేలినదనుకొనుచుండగా 2018లో చీనా శాస్త్రజ్ఞులు మరియొక వింత బయటపెట్టిరి. చీమను పోలు టాక్సియస్ మాగ్నస్ అను జాతిలో తల్లి ఉదరమునుండి పాలవంటి ద్రవము స్రవించి పిల్లలకిచ్చును. అందులోని మాంసకృత్తులు ఆవుపాలలోకంటె సుమారు నాలుగు రెట్లు. మొదటి ఇరువది దినములు పిల్లలకు అదియే ఆహారము. తరువాత వేటాడ నేర్చియు నలుబదవ దినము వరకు పాలు త్రాగును. ఎదిగిన కూతుళ్లను గూటిలో ఉండనిచ్చు ఆ తల్లి, ఎదిగిన కొడుకులను మాత్రము తరిమివేయును.