త్రాగుడును మన కుటుంబములును – నెల్లూరు స్త్రీలు నేర్పిన పాఠము

ఈ శతవార్షికోత్సవ వేళ దేవుడు మన సంఘములకు చేసిన మేలులను తలంచుకొనుచున్నాము. మన ఇండ్లను లోలోపల తినివేయుచున్న త్రాగుడును గూర్చియు ఆలోచింపవలసియున్నది.

కూలిడబ్బు ఇల్లు చేరకముందే దుకాణము చేరును. భార్యకు దెబ్బలు, బిడ్డలకు పస్తులు, ఇంటికి అప్పులు మిగులును. పెద్దపిల్లవాడు బడి మాని పనికి పోవును. ఆదివారమున ముఖము కొంగుతో కప్పుకొని వెనుక కూర్చుండు తల్లులను ఏ కాపరి ఎరుగడు?

1980లలో 'వారుణి వాహిని' పేర ప్రభుత్వమే సారాను ప్యాకెట్లలో పల్లెలకు చేర్చినది. 1990ల తొలినాళ్లలో నెల్లూరు జిల్లాలో అక్షరాస్యతా ఉద్యమము సాగినది. రాత్రి బడులలో స్త్రీలు అక్షరములు దిద్దుచు తమ బ్రతుకులను గూర్చి మాటలాడుకొనిరి. దూబగుంటలో వర్ధినేని రోశమ్మ మొదలగువారు సారా దుకాణము మూయించిరి. ఆ సంగతి వయోజనుల వాచకములో పాఠమాయెను. దానిని చదివిన ఇతర గ్రామముల స్త్రీలును కదలిరి. సారా వేలంపాటలను అడ్డుకొనిరి. రాష్ట్రమంతట 1993 అక్టోబరు 1 నుండి సారా నిషేధము, 1995 జనవరి 16 నుండి సంపూర్ణ మద్యనిషేధము వచ్చినవి. ఖజానాకు రాబడి తగ్గినదనియు, దొంగరవాణా పెరిగినదనియు చెప్పి 1997లో ఆ సంపూర్ణ నిషేధమును సడలించిరి. మద్యపు దుకాణములు నేటికిని తెరచియున్నవి.

అయినను ఆ స్త్రీలు నేర్పిన పాఠము చెరిగిపోలేదు. వారు త్రాగువానితో ఆగక, త్రాగించువానిని, ఆ రాబడిపై బ్రతుకువానిని ప్రశ్నించిరి. హబక్కూకు 2వ అధ్యాయములో పొరుగువానికి త్రాగించువానికే శ్రమ పలుకబడినది గదా. మద్యనిషేధమునకు ప్రయత్నించుట ప్రభుత్వ ధర్మమని మన రాజ్యాంగపు 47వ అధికరణమును చెప్పుచున్నది.

సంఘ క్రమశిక్షణ త్రాగువానిని ప్రభువు బల్లకు దూరము చేయగలదు గాని, అతని బిడ్డల ఆకలి తీర్చదు. కావున ఆ ఇంటి పక్షమున నిలుచుట సంఘము పని. త్రాగుడు పాపమే గాక వ్యాధియు అయియున్నది. ఏండ్ల తరబడి త్రాగినవాడు ఒక్కసారిగా మానినయెడల వణుకు, మూర్ఛ, మతిభ్రమణము కలుగవచ్చును. ప్రార్థించుటతోపాటు వైద్యుని యొద్దకు తోడుకొని పోవలెను. దెబ్బలు తినుచున్న సహోదరికి స్త్రీల సమాజము ఆశ్రయము కావలెను. పెండ్లి విందులలో, ఎన్నికల వేళలలో పంచబడు మద్యమును పెద్దలు ముందుగా నిరాకరింపవలెను.

అక్షరములు అప్పుడే నేర్చిన స్త్రీలు ఊరి దుకాణము మూయించిరి. నూరేండ్లుగా వాక్యము చదువుచున్న సంఘము వారికంటె వెనుకబడకుండునట్లు ప్రభువు మనకు ధైర్యము దయచేయునుగాక. ఆమేన్.