గోదా నుంచి జిమ్ దాకా

మొన్న ఇంటి ఖర్చుల పుస్తకం తిరగేస్తుంటే జిమ్ పద్దు కనిపించింది. ఏడాదికి 12,000 కట్టాను. వెళ్ళింది 40 రోజులు, అంటే రోజుకి 300 పడింది. ఇంకా నాలుగు నెలల గడువు ఉండగానే ఆ జిమ్‌కి తాళం పడింది, డబ్బు తిరిగి రాలేదు. మావారు నవ్వి ఊరుకున్నారు. నాకు మాత్రం మా ఊరి వ్యాయామశాల గుర్తొచ్చింది. అక్కడ ఎవరూ పైసా కట్టేవారు కాదు మరి.

ఒకప్పుడు బలం చూపించినవాడికే డబ్బు వచ్చేది. వీరఘట్టంలో పుట్టిన కోడి రామ్మూర్తి నాయుడుగారు విజయనగరంలో పెరిగి, వ్యాయామ ఉపాధ్యాయుడిగా పనిచేసి, తర్వాత సర్కస్ కంపెనీ పెట్టారు. ఛాతీకి గొలుసు బిగించుకుని ఊపిరి పీల్చి తెంచేవారు. జనం టిక్కెట్టు కొని చూసేవారు. కసరత్తు ఆయనది, ఖర్చు మనది.

ఊళ్ళో కుర్రాళ్ళ సాముకి పెద్ద ఖర్చుండేది కాదు. మెత్తటి మట్టి పోసిన గోదా, రెండు సంగడాలు, ఒక రాతి గుండు, గోడమీద ఆంజనేయస్వామి పటం. అద్దె లేదు, కరెంటు బిల్లు లేదు. జమీందారో, ఊరి చందాలో మిగతాది చూసుకునేవి. దండీలు, బస్కీలు నేర్పిన గురువుగారికి దక్షిణే జీతం.

రుసుము తీసుకుని ఒళ్ళు తీర్చిదిద్దడమనే వ్యాపారం పట్నాల్లో పెరిగింది. బెంగళూరులో కె.వి. అయ్యర్‌గారు వ్యాయామశాల నడపడమే కాదు, పోస్టులో పాఠాలు పంపే కోర్సు కూడా పెట్టారు. బొంబాయిలో విష్ణు తల్వాల్కర్ 1932లో జిమ్ తెరిచారు. ఆ కుటుంబపు వ్యాపారం దేశమంతా పాకి, 2010లో షేర్ మార్కెట్‌కి ఎక్కింది, 2019కల్లా అప్పుల వాయిదాలు కట్టలేని స్థితికి వచ్చింది.

ఎందుకిలా అంటే, ఈ వ్యాపారంలో మనిషి వచ్చినా రాకపోయినా ఖర్చు ఆగదు. అద్దె, ఏసీ, ట్రెడ్‌మిల్ మీద తెచ్చిన అప్పు నెలనెలా నడుస్తూనే ఉంటాయి. అందుకే జనవరిలో మన ఉత్సాహం చూసి ఏడాది డబ్బు ముందే అడుగుతారు. కట్టినవాళ్ళందరూ రోజూ వస్తే ఆ హాల్లో నిలబడడానికి చోటుండదు! రానివాళ్ళ డబ్బే లాభం. ఆ ముందు డబ్బు ఇంకో బ్రాంచికి పోతే, కొత్త సభ్యులు ఆగిన రోజున పాత జిమ్ అద్దె కట్టేవారుండరు. 2020 మార్చి నుంచి ఆగస్టు దాకా తలుపులు మూసినప్పుడు ఎన్నో చిన్న జిమ్‌లకి ఊపిరాడలేదు.

అయినా గిరాకీ పెరుగుతుందనే నా నమ్మకం. దేశంలో 10 కోట్ల మందికి పైగా షుగర్ ఉంది. డాక్టరు చెప్పాక పరిగెత్తేవాళ్ళే ఎక్కువ (నేనూ అంతే). 2025 సెప్టెంబరులో జిమ్ రుసుము మీద జీఎస్టీ 18 నుంచి 5 శాతానికి తగ్గింది. కాకపోతే యంత్రాలు కొన్నప్పుడు కట్టిన పన్నుని యజమాని ఇప్పుడు మినహాయించుకోలేడు. కాబట్టి ఆ తగ్గింపు అంతా మన చేతికి వస్తుందనుకోవడం అత్యాశే.

ఇంత తిట్టుకున్నా, ఒక్క మాట ఒప్పుకోవాలి. ఉచితమైన ఆ వ్యాయామశాలలోకి మా అన్నయ్య వెళ్ళేవాడు, నేను గుమ్మం బయట అతని చెప్పులకి కాపలా. ఆడపిల్లని లోపలికి రమ్మన్నవారు లేరు. ఇప్పటి జిమ్‌లో పదకొండు నుంచి నాలుగు దాకా లేడీస్ బ్యాచ్. ఆ వేళ మగవాళ్ళు ఆఫీసుల్లో ఉంటారు, హాలు ఖాళీ, అద్దె మాత్రం నడుస్తుంటుంది. యజమాని మనమీద ప్రేమతో పెట్టిందేమీ కాదు, ఖాళీ గంటల లెక్క అది. ఏ లెక్కయితేనేం, తలుపు తెరిచారు.

మళ్ళీ చేరాను. "ఏడాదికి కడితే సగం తగ్గిస్తాం మేడమ్" అన్నాడు కౌంటరు దగ్గరి అబ్బాయి. ఒక్క నెలకే కట్టి రసీదు పుస్తకంలో పెట్టుకున్నాను.