ప్రాణహిత లోయలో కోటా శిలలు

ప్రాణహిత గోదావరిలో కలిసే కాళేశ్వరానికి కొంత ఎగువన, నది ఎడమ ఒడ్డున, మహారాష్ట్రలోని గడ్చిరోలి జిల్లా సిరొంచా తాలూకాలో కోటా అనే చిన్న ఊరు ఉంది. తెలుగు విరివిగా వినిపించే ఆ సరిహద్దు ప్రాంతపు ఊరి పేరే భూగర్భశాస్త్రంలో కోటా ఫార్మేషన్ అనే శిలాసముదాయానికి స్థిరపడింది. ఇంచుమించు ఒకే కాలంలో, ఒకే తరహా పరిస్థితుల్లో పేరుకొని, పటంలో విడిగా గీసి చూపడానికి వీలైన పొరల సమూహాన్ని ఫార్మేషన్ అంటారు.

ఈ లోయ వెంబడి భూమి పొర పగుళ్ల వెంట కుంగడంతో ఏర్పడిన పొడవైన పల్లంలో, పెర్మియన్ యుగం నుంచి కోట్ల సంవత్సరాల పాటు నదులు తెచ్చి పోసిన ఇసుక, మట్టి, గులకలు గట్టిపడి గోండ్వానా శిలలయ్యాయి. వాటిలో అడుగు భాగంలోని బరాకర్ పొరల్లో సింగరేణి బొగ్గు ఉండగా, బాగా పైన, సుమారు 18 కోట్ల సంవత్సరాల నాటివని సాధారణంగా లెక్కించే కోటా పొరలు ఉన్నాయి. వీటి కింది భాగం పాయలుగా చీలి పారిన నదులు వదిలిన గులకలతో కూడిన ఇసుకరాయి. ఆ పైన ఎర్రటి బంకమట్టి, దాని మధ్య నిస్సారమైన సరస్సుల్లో పేరుకున్న పలుచటి సున్నపురాయి పలకలు కనిపిస్తాయి. ఇసుకరాళ్లలో మిగిలిన ఏటవాలు గీతల దిశను కొలిచినవారు, ఈ లోయలోని గోండ్వానా నదులు ఎక్కువగా ఉత్తరాభిముఖంగా పారాయని తేల్చారు. కాబట్టి నేడు ఆగ్నేయంగా సాగే గోదావరిని వాటికి వారసురాలిగా భావించడం సరికాదు.

ఈ రాళ్లపై దృష్టి పడటానికి కారణం ప్రాచీన జీవులపై ఆసక్తి కంటే బొగ్గుపై ఆశే. పంతొమ్మిదో శతాబ్దం నడుమ బెల్ అనే ఆయన కోటా దగ్గర బొగ్గు కోసం బోరు వేయించాడు. ఆ రాళ్లలో దొరికి దక్కను నుంచి వెళ్లిన చేప శిలాజాలను 1851లో సైనికాధికారి సైక్స్ లండన్‌లో ప్రకటించగా, శిలాజ చేపల నిపుణుడు ఎగర్టన్ వాటిని వర్ణించాడు. ఆ చేపలు జురాసిక్ కాలపువిగా తోచాయి. అయితే నాగపూర్‌లోని మిషనరీ స్టీఫెన్ హిస్లాప్ మలేరి గ్రామం దగ్గర సేకరించిన సెరటోడస్ అనే ఊపిరితిత్తుల చేప పళ్లు, సరీసృపాల ఎముకలు అంతకంటే పాతవైన ట్రయాసిక్ కాలాన్ని సూచించాయి. పొరలు ఎత్తైన గట్టుల్లో ఒకదానిపై ఒకటి కనబడక, చదునైన నేల కిందనే చాలావరకు దాగి, పగుళ్ల వల్ల జరిగిపోయి ఉండడంతో ఈ రెండు కాలాల పొరలూ లెక్కల్లో కలగలిశాయి. 1881లో ఈ లోయపై బృహత్తర నివేదిక రాసిన, భారత భూవిజ్ఞాన సర్వేక్షణ సంస్థ అధికారి విలియం కింగ్ సైతం వాటిని కోటా–మలేరి అని జంటగానే వ్యవహరించాడు. పటం గీయడంలో సాటిలేని ఆ అధికారి ఇక్కడ తడబడ్డాడంటే, తప్పు ఆయనదనేకంటే నేలదనడమే న్యాయం.

చిక్కుముడి విడిపోవడానికి సుమారు ఎనభై ఏళ్లు పట్టింది. కలకత్తాలోని ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్ వ్యవస్థాపకుడు మహలనోబిస్ ఆహ్వానంపై 1957లో వచ్చిన లండన్ శాస్త్రవేత్త పమేలా లాంప్లూ రాబిన్సన్, ఆ సంస్థలో భూగర్భశాస్త్ర విభాగానికి పునాది వేసింది. గణాంకశాస్త్ర సంస్థ ఎముకలు తవ్వించడం వింతగా తోచినా, మలేరి, కోటా పొరలు వేరన్నదే కాక, మలేరి కింద యెర్రపల్లి, పైన ధర్మారం అనే మరి రెండు ఫార్మేషన్లు ఉన్నాయన్నదీ ఆ విభాగపు శ్రమ వల్లే స్పష్టమైంది. సిరొంచా తాలూకాలోని పోచంపల్లి దగ్గర ఈ బృందానికి భారీ శాకాహార డైనోసార్ ఎముకలు సుమారు 300, పెద్ద చెట్ల మానులతో కలిసి దొరికాయి. అవి కనీసం ఆరు జంతువులవి. తవ్వకం సాగిన 1961 రవీంద్రనాథ్ ఠాగూర్ శతజయంతి సంవత్సరం కావడంతో, 1975లో ఆ డైనోసార్‌కు బరపాసారస్ టాగోరీ అని పేరు పెట్టారు. కొన్ని పళ్లు తప్ప దాని పుర్రె దొరకలేదు.

తెలుగు ప్రాంతంలో ఇటువంటిదే మరొకటి అప్పటి ఆదిలాబాద్ జిల్లాలోని యామన్‌పల్లి దగ్గర బయటపడింది. భారత భూవిజ్ఞాన సర్వేక్షణ సంస్థకు చెందిన పి. యాదగిరి 1988లో కోటాసారస్ యామన్‌పల్లియెన్సిస్‌గా వర్ణించిన ఆ డైనోసార్ అస్థిపంజరం హైదరాబాద్‌లోని బిర్లా సైన్స్ సెంటర్‌లో నిలిపి ఉంది. చూపరులను ఆకట్టుకునేవి ఈ భారీ ఎముకలే కాని, శాస్త్రానికి అంతకంటే విలువైనవి బంకమట్టిని నీళ్లలో నానబెట్టి, సన్నని జల్లెడపై కడిగితే మిగిలే చిన్న పళ్లు. తొలి క్షీరదాలు ఎలుకంతటి జీవులు కావడంతో వాటి ఉనికికి చాలాచోట్ల ఈ పళ్లే ఆధారం. కోటా పొరల్లో దొరికిన వాటిలో ఒకదానికి, ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్‌లోనే పనిచేసిన జీవశాస్త్రవేత్త జె.బి.ఎస్. హాల్డేన్ పేరిట 1981లో కోటాథీరియం హాల్డేనీ అని పేరు పెట్టారు. చేపలను బట్టి తొలినాడు నిర్ణయించిన కాలం కింది పొరలకు చాలావరకు నిలిచినా, పై పొరలు మధ్య జురాసిక్‌కు, అంతకంటే ఇటీవలి కాలానికి కూడా చెందవచ్చని సూక్ష్మ శిలాజాలను పరిశీలించిన కొందరు వాదిస్తున్నారు. ఆ వాదం ఇంకా తెగలేదు.