శాలివాహన శకము – పేరు, పుట్టుక, వ్యాప్తి

మన పంచాంగములయందు నేటికిని శాలివాహన శకవర్షము తప్పక కనబడుచున్నది. దీని ఆరంభము క్రీ.శ. 78. శాలివాహనుడను బాలుడు ప్రతిష్ఠానపురమున కుమ్మరి యింట పెరిగి, మట్టిబొమ్మల సైన్యమునకు ప్రాణము పోసి, ఉజ్జయినీపతియగు విక్రమార్కుని జయించి, తన పేర ఈ శకమును నెలకొల్పెనని కథ. శాలివాహనుడన శాతవాహనుడే కావున ఇది ఆంధ్రరాజుల విజయచిహ్నమని మనవారు గర్వించుటయు కలదు. ఈ కథకు శాసనముల సాక్ష్యమెంత? సాక్ష్యము లేనిచో ఆ పేరు ఈ గణనకెట్లు అంటుకొనినది? ఈ రెండు ప్రశ్నలను ఇందు పరిశీలింతము.

మొదట శాతవాహనుల శాసనములనే చూతము. వాసిష్ఠీపుత్ర పులుమావి నాసికా శాసనము ఆ రాజు పందొమ్మిదవ యేట, గ్రీష్మమున రెండవ పక్షము, పదుమూడవ దినమున వ్రాయబడినది. అందలి కాలనిర్దేశమింతియే. గౌతమీపుత్ర శాతకర్ణి శక యవన పహ్లవులను నిర్మూలించినవాడని కీర్తించినదియు ఈ శాసనమే. క్రొత్త శకమును స్థాపించుటకు ఇంతకంటె తగిన సందర్భమేది? అయినను అట్టి శకము ప్రసక్తి అందు లేదు. శాతవాహనుల పిమ్మట కృష్ణాతీరమునేలిన ఇక్ష్వాకులును రాజ్యవర్షములతోనే కాలము చెప్పిరి.

ఈ గణన తొలుత వాడుకలోనుండినది శాతవాహనుల శత్రువులగు పశ్చిమ క్షత్రపుల రాజ్యమున. కచ్ఛదేశపు అంధౌ శాసనములలో చష్టన రుద్రదాములకాలపు 52వ వర్షము కలదు. రుద్రదాముని గిర్నారు శాసనము 72వ వర్షమును, అనగా క్రీ.శ. 150ని పేర్కొనుచున్నది. దక్షిణాపథపతియగు శాతకర్ణిని రెండుమార్లు గెలిచియు, దగ్గఱి సంబంధముచే నాశనము చేయక విడిచితినని ఆ రాజు అందు చెప్పుకొనెను. ఈ వర్షములను ఆరంభించినవాడు కనిష్కుడని పలువురు చిరకాలము తలంచిరి. 2001లో హారీ ఫాల్క్ యవనజాతకమునందలి గణితసూత్రమును ఆధారముగా గొని కనిష్కశకారంభమును క్రీ.శ. 127గా నిరూపింపబూనిన పిమ్మట ఆ మతము సడలినది; చష్టనుని వంశముననే ఇది పుట్టెనను పక్షము బలపడినది.

క్షత్రపుల వంశము నశించినను వారి లెక్క నశింపలేదు. దానిని నిలిపినవారు ముఖ్యముగా జ్యోతిష్కులు. గ్రహగణితమునకు ఎడతెగని వర్షసంఖ్య కావలెను. రాజు మాఱినపుడెల్ల ఒకటినుండి మొదలిడు లెక్క అందులకు పనికిరాదు. వరాహమిహిరుడు పంచసిద్ధాంతికలో శకవర్షము 427ని (క్రీ.శ. 505) గణనమునకు మొదలుగా గైకొనెను. బాదామి చాళుక్యుల శాసనములలో ఇది మొదటి పులకేశి కాలమున 465వ వర్షముగా (543) పొడసూపినది. మంగళేశుని బాదామి గుహాశాసనము (578) శకరాజు పట్టాభిషేకమునుండి 500 వర్షములు గడచినవని స్పష్టముగ చెప్పుచున్నది. ఐహోళె శాసనమున రవికీర్తి 556వ శకవర్షముతో కలివర్షము 3735ను కూడ చేర్చెను. వీనియందెచ్చటను శాలివాహనుని పేరు లేదు.

తెలుగునేల దీనిని మెల్లగా గ్రహించినది. తూర్పు చాళుక్యులు ప్రాయికముగా రాజ్యవర్షములనే వాడి, ఏ రాజు ఎన్నియేండ్లు ఏలెనో వంశావళిలో చెప్పుచువచ్చిరి. పదవ శతాబ్దినాటికి పట్టాభిషేకమునకు శకవర్షమును చేర్చుట కానవచ్చును. రెండవ అమ్మరాజు పట్టాభిషేకము శక 867 (945). రాజరాజనరేంద్రునిది శక 944 (1022). కళింగగాంగులకు సొంత శకమే కలదు. అయినను వజ్రహస్తుని పట్టాభిషేకకాలము ‘వియత్, ఋతు, నిధి’ అను సంకేతములతో శకవర్షముననే చెప్పబడినది. వియత్తు సున్న, ఋతువులు ఆఱు, నిధులు తొమ్మిది. అంకెలను కుడినుండి ఎడమకు పేర్చగా 960 (1038) అగును.

రాజాజ్ఞచే శకము నిలుచునా అను ప్రశ్నకు కల్యాణి చాళుక్యుల చరిత్ర సమాధానము. ఆఱవ విక్రమాదిత్యుడు 1076లో శకవర్షమును తొలగించి చాళుక్య విక్రమవర్షమును ప్రవర్తింపజేసెను. తెలంగాణ శాసనములలో దానికి పెక్కు నిదర్శనములు కలవు. పన్నెండవ శతాబ్దిలో ఆ సామ్రాజ్యము క్షీణింపగనే ఆ లెక్కయు మాసిపోయినది. కర్త ఎవరో మఱచిపోయిన శకవర్షమే మఱల నిలిచినది.

ఇక పేరు సంగతి. కాలక్రమమున ‘శక’ శబ్దము జాతివాచకమను స్మృతి తొలగి కాలగణన యను సామాన్యార్థము రూఢమైనది. ఒక గణనకు విక్రముని పేరుండగా రెండవదానికిని ఒక కర్త కావలసివచ్చెను. హేమచంద్రుడు తన ప్రాకృత వ్యాకరణమున శాతవాహన శబ్దమునకు సాలవాహణ, సాలాహణ రూపములను సాధించెను. ప్రతిష్ఠానపు రాజు జనుల నోట శాలివాహనుడైన మార్గమిదియే. శకులను జయించిన వంశపు కీర్తి, శకులు విడిచిన లెక్క, విక్రమార్కుని కథ ఈ మూడును కలిసి శకకర్తను సృష్టించినవి. శాసనములలో ఈ పేరు పదుమూడవ శతాబ్దినుండి అందందు తోచి, విజయనగరకాలమున సర్వసాధారణమైనది.

దీనివలన పరిశోధకునకొక ప్రయోజనము కలదు. పూర్వచాళుక్యకాలమునాటిదని చెప్పబడు దానపత్రమున ‘శాలివాహన శకవర్షంబులు’ అని యుండినచో, అది తరువాతి ప్రతియో, కల్పితమో అని శంకించి, లిపిని, వంశావళిని, తిథివారములను వేఱుగా పరీక్షింపవలెను. అట్లే శకవర్షము గతమో వర్తమానమో తేల్పక 78 కలుపుటయు ప్రమాదకరము; ఒక సంవత్సరము తప్పిపోవచ్చును.

మేఘనాథ సాహా అధ్యక్షతను పనిచేసిన సంఘము సూచనపై భారతప్రభుత్వము 1957 మార్చి 22ను శక 1879 చైత్రము 1గా గైకొని జాతీయ పంచాంగమును ప్రవేశపెట్టినది. అందు వర్షమునకు శకమని మాత్రమే పేరు; మన పంచాంగకర్తలు శాలివాహనుని విడువలేదు. ఆ పేరును విడువుమనుట ఈ వ్యాసమునకు ఉద్దేశము కాదు. ఆఱువందల యేండ్లకు పైగా తెలుగువారు దానముల, దేవాలయముల కాలమును ఆ పేరుతోనే గుర్తించిరి. ఆ వాడుకయు చరిత్రయే. అయితే అది మధ్యయుగపు ఊహకు సాక్ష్యమగునే కాని క్రీ.శ. 78 నాటి విజయమునకు సాక్ష్యము కాజాలదు. శాతవాహనుల కీర్తికి నాసికా శాసనమే చాలును.