నేరం ఖర్చు ఎవరి పద్దులో? సింగపూర్ రెండు శతాబ్దాల లెక్క

నేరం వల్ల నష్టం అనగానే దొంగ పట్టుకుపోయిన సొమ్మే గుర్తుకొస్తుంది. అసలు ఖర్చులో అది చిన్న భాగం. తలుపుకు వేసుకునే తాళం, గేటు దగ్గర వాచ్‌మన్ జీతం, పోలీసు శాఖ బడ్జెట్, కోర్టులు, జైళ్లు, జైలుకెళ్లినవాడి ఇంట్లో ఆగిపోయిన సంపాదన, రాత్రి షిఫ్టుకు భయపడి ఆడపిల్ల వదులుకున్న ఉద్యోగం, అన్నీ ఆ లెక్కలోకే వస్తాయి. 1968లో అమెరికన్ ఆర్థికవేత్త గ్యారీ బెకర్ నేరాన్నీ శిక్షనూ లాభనష్టాల లెక్కతో చూస్తూ రాసిన వ్యాసం ఈ ఆలోచనకు దారి తీసింది. 2000లో బ్రిటన్ హోంశాఖ పరిశోధకులు ఈ ఖర్చును మూడు పద్దులు చేశారు. జరగకముందు జాగ్రత్తకు పెట్టేది ఒకటి, జరిగాక కలిగే నష్టం రెండోది, పోలీసులకూ కోర్టులకూ జైళ్లకూ అయ్యేది మూడోది.

మొత్తం ఎంతయిందో ఈ పద్దులు చెబుతాయి. ఎవరు కట్టారో చెప్పవు. అది తెలియాలంటే చరిత్రలోకి వెళ్లాలి, అందుకు సింగపూర్‌ని మించిన చోటు దొరకడం కష్టం. అర్ధరాత్రి ఒంటరిగా నడిచి ఇల్లు చేరవచ్చని పేరుపడ్డ ఆ ఊరు, మొదట్లో ఖైదీల చెమట మీద, నల్లమందు రాబడి మీద నిలబడింది.

ఖైదీలు కట్టిన ఊరు

స్టాంఫర్డ్ రాఫిల్స్ 1819లో సింగపూర్‌లో ఈస్టిండియా కంపెనీ జెండా పాతాడు. ఆరేళ్లకు, 1825 ఏప్రిల్ 18న, సుమత్రాలోని బెంకూలెన్ నుంచి 80 మంది భారతీయ ఖైదీలతో ఓడ వచ్చింది. మద్రాసు ప్రెసిడెన్సీలో ద్వీపాంతర శిక్ష పడి బెంకూలెన్ చేరినవాళ్లు వీళ్లు. తర్వాత బెంగాల్, మద్రాసు, బొంబాయి మూడు ప్రెసిడెన్సీల నుంచీ ఖైదీలు వస్తూనే ఉన్నారు. మన సర్కారు జిల్లాలూ దత్తమండలాలూ అప్పట్లో మద్రాసు ప్రెసిడెన్సీలోవే.

కంపెనీకి ఇది రెండువైపులా లాభం. ఇండియాలో జైళ్ల భారం తగ్గింది, సింగపూర్‌లో కూలి లేని కూలీలు దొరికారు. చిత్తడి నేలలు పూడ్చింది, రోడ్లు వేసింది వాళ్లే. సెయింట్ ఆండ్రూస్ చర్చికి నమూనా గీసిన రొనాల్డ్ మెక్‌ఫెర్సన్ ఖైదీల సూపరింటెండెంటే. 1862లో ప్రతిష్ఠ జరిగిన ఆ చర్చి లోపలి గోడల నునుపు వెనక మద్రాసు సున్నం పని ఉంది. గవ్వ సున్నంలో గుడ్ల తెల్లసొన, ముతక చక్కెర వేసి నూరి, కొబ్బరి పీచు నానబెట్టిన నీళ్లతో కలిపి గోడకు మెత్తేవారు. ఆరాక గుండ్రటి రాళ్లతో అద్దంలా మెరిసేదాకా రుద్దేవారు. మన పాత మేడల గోడల్లో కనిపించే పనితనమే సముద్రం దాటి వెళ్లింది. ఇప్పుడు దేశాధ్యక్షుడి అధికార నివాసమైన ఇస్తానా కూడా 1867–69 మధ్య ఖైదీలు కట్టిందే.

ఆ నిర్మాణాన్ని నడిపించిన మేజర్ మెక్‌నెయిర్ తర్వాతి కాలంలో ఈ ఖైదీల వ్యవస్థ మీద ఒక పుస్తకం రాశాడు. జీతమిచ్చి వార్డర్లను పెట్టుకోకుండా, నడవడి బాగున్న ఖైదీలనే మిగతావాళ్లకు కాపలా పెట్టడం ఆ వ్యవస్థ ప్రత్యేకత. జైలుకయ్యే ఖర్చులో పెద్ద భాగం అక్కడే మిగిలింది. మంచి నడవడి చూపినవాళ్లకు బయట బతికే అనుమతి దొరికేది. వాళ్లలో కొందరు పశువులు పెంచుకుని, బండ్లు తోలుకుని అక్కడే స్థిరపడ్డారు.

ఊరు సంపన్నమయ్యేకొద్దీ యూరోపియన్ వర్తకులకు భయం పట్టుకుంది. 1857 తిరుగుబాటు తర్వాత, ఇండియా తన ప్రమాదకరమైన మనుషుల్ని తెచ్చి తమ నెత్తిన పోస్తోందని వాళ్లు గొడవ చేశారు. 1867లో సింగపూర్ నేరుగా బ్రిటిష్ రాణి పాలన కిందికి వచ్చేనాటికి ఖైదీల రాక ఆగింది. 1873లో ఆ శిబిరాన్నే ఎత్తేశారు. రోడ్లూ భవనాలూ సింగపూర్‌కు మిగిలాయి. ఇంటి పెద్ద దూరమై చితికిపోయిన ఇండియా పల్లెల కుటుంబాలు మాత్రం ఏ పద్దులోనూ చేరలేదు.

వ్యసనమే ఖజానా

సింగపూర్ స్వేచ్ఛా రేవు. సరుకుల మీద సుంకం వేస్తే వ్యాపారం పక్క రేవుకు పోతుంది. మరి పాలనకు డబ్బెక్కడిది? మొదటి రెసిడెంట్ విలియం ఫార్కర్ 1820లో నల్లమందు, సారా, జూదం హక్కుల్ని వేలం వేశాడు. మన అబ్కారీ పాట పద్ధతే ఇది. ఎక్కువ పాడినవాడు ప్రభుత్వానికి సొమ్ము కట్టి ఊరంతా అమ్ముకుంటాడు. రాఫిల్స్ 1823లో జూదాన్ని నిషేధించాడు. ఆయన వెళ్లగానే తర్వాతి అధికారి క్రాఫర్డ్ మళ్లీ తెరిచాడు. చివరికి 1829లో జూదం పాట ఆగింది, నల్లమందు పాట ఆగలేదు. 19వ శతాబ్దంలో చాలా ఏళ్ల పాటు ప్రభుత్వ రాబడిలో దాదాపు సగం దాని నుంచే వచ్చింది.

ఆ డబ్బు కట్టింది ఓడల్లో దిగిన చైనా కూలీలు. రేవులో మూటలు మోసి, అడవి నరికి మిరియాల తోటలు వేసి, ఒళ్లు నొప్పులు మర్చిపోవడానికి పీల్చే నల్లమందు చందూకే కూలి డబ్బంతా ధారపోశారు. చాలామంది ఇంటికి పంపడానికి పైసా మిగుల్చుకోలేదు. నెల్లూరు జిల్లా దూబగుంట ఆడవాళ్లు మొదలుపెట్టిన సారా వ్యతిరేక ఉద్యమం 1993లో సారా నిషేధం దాకా వెళ్లిన కథ తెలిసినవాళ్లకు ఇది కొత్తగా అనిపించదు. కూలివాడి జేబు ఖాళీ అవుతుంటే ఖజానా నిండడం మనమూ చూసిందే.

నల్లమందు పాటలు దక్కించుకోవడానికీ, దొంగ సరుకు అమ్మేవాళ్లను తన్ని తరమడానికీ మనుషులు కావాలి. ఆ మనుషులు చైనా రహస్య సంఘాల నుంచి వచ్చారు. కొత్తగా దిగిన కూలీకి అన్నం, పని, చనిపోతే అంత్యక్రియల ఖర్చు చూసేవి ఆ సంఘాలే. మామూళ్లు వసూలు చేసేవీ, కత్తులు దూసేవీ అవే. 1854లో హొక్కియన్, తియోచ్యూ అనే రెండు చైనా వర్గాల మధ్య పది రోజులకు పైగా సాగిన అల్లర్లలో వందలమంది చచ్చిపోయారు. 1877లో చైనా భాషలు బాగా వచ్చిన విలియం పికరింగ్‌ని చైనీయుల సంరక్షకుడిగా (ప్రొటెక్టర్) నియమించారు. 1887లో ఒక వడ్రంగి ఆయన మీద గొడ్డలితో దాడి చేశాడు. రెండేళ్లకు, 1889లో, సంఘాల చట్టం వచ్చి రహస్య సంఘాలను చట్టవిరుద్ధం చేసింది. కూలీల అవసరాలు చట్టంతో మాయం కాలేదు కాబట్టి, అవి నేల కింద బతుకుతూనే వచ్చాయి. 1910లో పాటల పద్ధతి పోయి నల్లమందు వ్యాపారం పూర్తిగా ప్రభుత్వ చేతికే వచ్చింది. పూర్తి నిషేధం రెండో ప్రపంచ యుద్ధం తర్వాతే.

స్వేచ్ఛతో కట్టిన బిల్లు

యుద్ధం తర్వాత ముఠాల బెడద, ధనవంతుల కిడ్నాపులు, లంచాలు మూడూ కలిసి మీదపడ్డాయి. 1951లో దొంగలు దోచుకుపోయిన భారీ నల్లమందు సరుకు వెనక పోలీసు డిటెక్టివులే ఉన్నారని తేలడంతో, 1952లో పోలీసు శాఖకు బయట అవినీతి విచారణ సంస్థ సీపీఐబీ పుట్టింది. 1960 నాటి అవినీతి నిరోధక చట్టం ఆ సంస్థకు కోరలు ఇచ్చింది.

ముఠాల విషయంలో ఎంచుకున్న మార్గం వేరు. సాక్షులు భయంతో నోరు విప్పడం లేదని, విచారణ లేకుండానే నిర్బంధించే అధికారాన్ని 1955 నాటి తాత్కాలిక చట్టం కింద ప్రభుత్వం తీసుకుంది. పేరుకు తాత్కాలికమే గానీ, ఐదేళ్లకోసారి పొడిగింపులతో అది నేటికీ అమల్లో ఉంది. అలా నిర్బంధించినవాళ్లను పనితో మార్చాలని 1960లో పులావ్ సెనాంగ్ అనే దీవిలో కాపలా గోడలు లేని శిబిరం పెట్టారు. నిర్బంధితులే రోడ్లూ ఇళ్లూ కట్టారు. 1963 జూలై 12న వాళ్లు తిరగబడి సూపరింటెండెంట్ డేనియల్ డటన్‌నూ మరో ముగ్గురు అధికారులనూ చంపి, కట్టినదంతా తగలబెట్టారు. ఆ కేసులో 1965లో 18 మందిని ఉరితీశారు. ఖైదీల పనితో వందేళ్ల ముందు లాభపడిన ఊరు, ఈసారి అదే నమ్మకంతో పెద్ద మూల్యం చెల్లించింది.

సహజ వనరులేవీ లేని దేశానికి విదేశీ పెట్టుబడే ఊపిరి. వీధిలో భయం, ఆఫీసులో లంచం ఉంటే ఫ్యాక్టరీ రాదని ప్రధాని లీ క్వాన్ యూ ప్రభుత్వం తేల్చుకుంది. ఆ లెక్కలోనే 1961లో కిడ్నాప్ చట్టం, 1973లో మాదకద్రవ్యాల చట్టం, 1975లో డ్రగ్స్ రవాణాకు ఉరిశిక్ష వచ్చాయి. 1983లో జపాన్ కోబన్ తరహాలో తోఆ పాయో ఫ్లాట్ల మధ్యకే పోలీసు పోస్టు వచ్చింది. పెట్టుబడులు వచ్చాయి, వీధులు నిమ్మళించాయి. దీనికి ప్రజలు కట్టిన మూల్యం ఏ బడ్జెట్ పుస్తకంలోనూ కనపడదు. విచారణ హక్కు వదులుకోవడం, ఉరికొయ్యకు ఎక్కిన చిన్నస్థాయి మోతగాళ్ల కుటుంబాలు, నిఘాకు అలవాటుపడిన జీవితం అందులో ఉన్నాయి.

ఈ మూల్యం అందరి మీదా సమానంగా పడలేదని 2013 డిసెంబరు 8న తెలిసింది. లిటిల్ ఇండియాలో రేస్ కోర్స్ రోడ్డు మీద ఒక భారతీయ కార్మికుడు బస్సు కింద పడి చనిపోవడంతో అల్లర్లు చెలరేగాయి. 40 ఏళ్లలో అలాంటి అల్లరి అదే మొదటిది. పోలీసు వాహనాలూ అంబులెన్సూ తగలబడ్డాయి. 50 మందికి పైగా కార్మికుల్ని దేశం నుంచి పంపేశారు, ఆ ప్రాంతంలో మద్యం అమ్మకాలకు ఆంక్షలు వచ్చాయి. ఆ రాత్రి ఏ తప్పూ చేయని వేలమంది కార్మికుల ఆదివారాలు కూడా ఆ తర్వాత కాపలాలోనే గడిచాయి.

శిక్ష తర్వాతి ఖర్చు

జైలు నుంచి వచ్చినవాడికి పని దొరక్కపోతే మళ్లీ జైలే, ఖర్చు రెండింతలు. 1976లో ఖైదీలకు పని నేర్పే సంస్థనూ, 2004లో ఎల్లో రిబ్బన్ ప్రాజెక్టునూ సింగపూర్ ఈ లెక్కతోనే మొదలుపెట్టింది. యజమానులు ఉద్యోగమివ్వాలి, ఇరుగుపొరుగు దగ్గరికి రానివ్వాలి అన్నది దాని ప్రచారం. 1990ల చివర్లో విడుదలైన ప్రతి పదిమందిలో నలుగురికి పైగా రెండేళ్లలో మళ్లీ శిక్షపడేవాళ్లు. ఇటీవలి ఏళ్లలో అది పదికి ఇద్దరి దగ్గర నిలిచింది. ఉరికీ బెత్తానికీ పేరుపడ్డ దేశంలో చవగ్గా తేలిన మందు ఇదే.

జూదం దగ్గర మాత్రం చరిత్ర ఒక చుట్టు తిరిగి వచ్చింది. 2010లో రెండు క్యాసినోలు తెరిచారు. లోపలికి వెళ్లే సింగపూర్ పౌరుడు 100 డాలర్ల ప్రవేశ రుసుం కట్టాలి. 2019 నుంచి అది 150 అయింది. విదేశీ పర్యాటకుడికి రుసుం లేదు. ఫార్కర్ వేలంపాటకూ దీనికీ తేడా ఒకటే. ఈసారి ప్రభుత్వం తన పౌరుడి వ్యసనానికి అడ్డుకట్టగా ముందే ధర పెట్టింది.

ఇంటి పొదుపు మీదికి

నేరాలు తక్కువంటే అసలు లేనట్టు కాదని సింగపూర్ పోలీసులు ఏళ్లుగా పోస్టర్లు వేస్తున్నారు. ఆ మాట ఇప్పుడు ఫోన్లలో నిజమైంది. 2021 డిసెంబరులో ఓసీబీసీ బ్యాంకు పేరుతో వచ్చిన నకిలీ ఎస్ఎంఎస్‌లతో దాదాపు 790 మంది ఖాతాదారులు 1.37 కోట్ల సింగపూర్ డాలర్లు పోగొట్టుకున్నారు. బ్యాంకు ఆ సొమ్మంతా తిరిగిచ్చింది. 2023 ఆగస్టులో విలాస బంగళాల మీద దాడులు చేసి పదిమంది విదేశీయుల్ని అరెస్టు చేసిన పోలీసులు, చివరికి దాదాపు 300 కోట్ల డాలర్ల ఆస్తులు జప్తు చేశారు. బయటి దేశాల నేరం సొమ్ము నమ్మకమైన బ్యాంకుల ఊళ్లోకి తెల్లబడడానికి వచ్చింది.

2024లో మోసాల కేసులు 51,501, పోయింది 110 కోట్ల డాలర్లు. మన రూపాయల్లో సుమారు 7,000 కోట్లు. 60 లక్షల జనాభాకు తలా సుమారు 180 డాలర్ల నష్టం. ఎక్కువ కేసుల్లో బాధితులే మోసగాడి మాట నమ్మి తమ చేత్తో డబ్బు పంపారు.

ఇక్కడ ఎవరు కట్టాలి అన్న పాత ప్రశ్న సూటిగా ముందుకొచ్చింది. 2024 డిసెంబరులో అమల్లోకొచ్చిన నిబంధనల ప్రకారం, నకిలీ లింకుల మోసంలో ముందు బ్యాంకు తన బాధ్యత చేసిందో లేదో చూస్తారు. కొత్త ఫోన్‌లో బ్యాంకు యాప్ వాడడం మొదలుపెడితే 12 గంటల పాటు ప్రమాదం ఎక్కువున్న పనులు ఆపడం ఆ బాధ్యతల్లో ఒకటి. బ్యాంకు తప్పితే బ్యాంకు కట్టాలి. బ్యాంకు తప్పు లేకపోతే ఎస్ఎంఎస్ చేరవేసిన టెలికాం సంస్థ వంతు. ఇద్దరూ తమ పని చేసి ఉంటే నష్టం ఖాతాదారుడిదే. తానే డబ్బు పంపినవాడికి ఈ రక్షణ లేదు. అందుకే 2025 జూలై నుంచి ఇంకో చట్టం వచ్చింది. ఎంత చెప్పినా వినకుండా డబ్బు పంపబోతున్న బాధితుడి ఖాతాను, అతను వద్దన్నా, పోలీసులు 30 రోజులు ఆపించవచ్చు. అదే ఏడాది నవంబరులో మోసగాళ్లకు బెత్తం దెబ్బలు తప్పనిసరి చేస్తూ పార్లమెంటు చట్టం చేసింది. ముఠాలకు వ్యతిరేకంగా 1950ల్లో నేర్చిన, ముందే అడ్డుకునే పద్ధతే ఇప్పుడు పొదుపు ఖాతా దాకా వచ్చింది.

2024లో ఇండియాలో సైబర్ మోసాల నష్టం 22,845 కోట్లని కేంద్రం పార్లమెంటుకు చెప్పింది. మన దగ్గర సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేసినవాడి కేసు నంబరవుతుంది, ఖాతాలో డబ్బు తిరిగొస్తే అదృష్టం. నేరాన్ని ఆపగలిగే స్థానంలో ఉన్నవాడి మీద ఖర్చు పడితే ఆపడానికి దారి వెతుకుతాడు, ఆపలేనివాడి మీద పడితే అది విధి అనిపించుకుంటుంది. ఖైదీలు, కూలీలు, నిర్బంధితులు సింగపూర్‌లో రెండో తరహాగా కట్టారు. బ్యాంకునూ టెలికాం సంస్థనూ ముందు వరసలో నిలబెట్టిన చిన్న నిబంధన మొదటి తరహా. 200 ఏళ్ల లెక్కలో పద్దు సరైన పేరు మీద పడడం అక్కడే మొదలైంది. దాన్ని నకిలీ లింకుల దగ్గరే ఆపకుండా మిగతా మోసాలకూ విస్తరిస్తారా లేదా అన్నదే ఇప్పుడు చూడాల్సింది, సింగపూర్‌లోనూ, హైదరాబాదులోనూ.